ఏ పేపరమ్మా మీది?

(భద్రాచలంలో మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఫ్రీలాన్సు జర్నలిస్టుగా నా అనుభవాలు చెప్పమని పిలిచారు. "వేరు వేరు సంస్కృతుల గురించి, దేశాల మధ్య నడిచే విషయాల గురించి రాస్తారు కదా, ఆ వృత్తి ఎలా ఉంటుందో చెప్పండి" అన్నారు. ఒప్పుకున్నాను గానీ, వృత్తి అన్న మాట దగ్గరే ఆగిపోయాను. ఇన్నేళ్లుగా ఎక్కడికి వెళ్లినా నన్ను మొదట అడిగే ప్రశ్న ఒకటే: "ఏ పేపరమ్మా మీది?" కలెక్టరాఫీసు బంట్రోతూ అదే అడుగుతాడు, గుంపులో పెద్దమనిషీ అదే అడుగుతాడు. నాకు పేపరు లేదు. రాసింది ఎవరు వేసుకుంటే వాళ్లదే ఆ రోజుకి నా పేపరు.

1990లలో ఖమ్మంలో ఒక దినపత్రికకు కంట్రిబ్యూటరుగా మొదలుపెట్టాను. లైన్ అకౌంటు అనేవాళ్లు. అచ్చయిన వార్తను కొలిచి డబ్బు లెక్క కట్టడం. ఏజెన్సీకి వెళ్తానంటే "ఆడపిల్లవి, రాత్రి ఎక్కడుంటావు?" అన్నారు. రాత్రి ఎక్కడుంటానో ఆ ఊరి ఆడవాళ్లే చూసుకున్నారు. పత్రికే నన్ను చూసుకోలేదు. బయటికొచ్చి సొంతంగా రాయడం మొదలుపెట్టాను. తెలుగులో, కొంతకాలం తర్వాత ఇంగ్లీషులో కూడా రాశాను. ఈ పనిలో నేను నేర్చుకున్నది ఒక్కటే, అదీ తప్పు చేసి నేర్చుకున్నాను. దాని గురించే ఈ రోజు మాట్లాడతాను. అంతకు ముందు ఈ ప్రాంతం గురించి రెండు మాటలు చెప్పాలి.

కదలని ఇల్లు, కదిలిన సరిహద్దు

విదేశీ వ్యవహారాలంటే ఢిల్లీలోనో న్యూయార్కులోనో ఉంటాయనుకుంటాం. చింతూరు దాటి కాస్త ముందుకు పోతే కుంట వస్తుంది, అది ఛత్తీస్‌గఢ్. శబరికి అటు ఒడ్డున మోటు ఉంది, అది ఒడిశా. కోయ, గోండి, తెలుగు, హిందీ, ఒడియా, హల్బీ భాషలన్నీ ఒకే సంతలో వినబడతాయి. ఉప్పు కొనే ఆవిడ ఒక భాషలో బేరం చేస్తుంది, పోలీసుకు ఇంకో భాషలో జవాబు చెప్పాల్సి వస్తుంది.

శబరి గోదావరిలో కలిసే కూనవరం దగ్గర 1950లో పుట్టిన ఒక కోయ స్త్రీని ఊహించుకోండి. పుట్టినప్పుడు ఆమెది మద్రాసు రాష్ట్రం. 1953లో ఆంధ్ర రాష్ట్రం, 1956లో ఆంధ్రప్రదేశ్ అయింది. 1959లో భద్రాచలం ప్రాంతాన్ని తూర్పు గోదావరి నుంచి ఖమ్మం జిల్లాలోకి మార్చారు. 2014లో పోలవరం కోసం ఏడు మండలాలను ఆంధ్రప్రదేశ్‌లో ఉంచినప్పుడు ఆమె మళ్లీ తూర్పు గోదావరికి పోయింది. 2022లో అల్లూరి సీతారామరాజు జిల్లా అయింది. ఇన్ని మార్పుల్లో ఒక్కసారైనా "నీకు ఇష్టమేనా?" అని ఆమెను ఎవరూ అడగలేదు. ఇన్నిసార్లు సరిహద్దు కదిలినా కదలని ఆమె ఇల్లు, ఇప్పుడు ఆనకట్ట కోసం కదలాల్సి వచ్చింది. పోలవరం కింద లక్షకు పైగా కుటుంబాలు నిర్వాసితులవుతాయని ప్రభుత్వ లెక్కలే చెప్తున్నాయి.

పత్రికలు ఈ సరిహద్దులను ఇంకా గట్టిగా బిగించాయి. 1980ల చివరి నుంచి తెలుగు దినపత్రికలకు జిల్లా ఎడిషన్లు వచ్చాయి. వాటివల్ల మేలు జరగలేదని అనను. 1992 నాటి సారా వ్యతిరేక ఉద్యమంలో నెల్లూరు జిల్లా పల్లెటూరి ఆడవాళ్ల మాట అచ్చులోకి రావడానికి అవి తోడ్పడ్డాయి. కానీ జిల్లా పేజీలో పడ్డ వార్త జిల్లా దాటదు. 2022 జులైలో భద్రాచలం దగ్గర గోదావరి 71.3 అడుగులకు వచ్చింది. మూడో ప్రమాద హెచ్చరిక 53 అడుగుల దగ్గరే ఇస్తారు. ఒకే నది, ఒకే వరద. ఇవతలి ఊళ్ల వార్త ఒక రాష్ట్రం పేజీల్లో, అవతలి ఊళ్ల వార్త ఇంకో రాష్ట్రం పేజీల్లో పడ్డాయి. అక్కాచెల్లెళ్లు చెరో ఒడ్డున మునిగితే రెండు వేరు వేరు వార్తలయ్యాయి. పేపరు లేని విలేకరికి ఉన్న వెసులుబాటు ఇక్కడే ఉంది. నాకు జిల్లా లేదు కాబట్టి రెండు ఒడ్లూ ఒకే వ్యాసంలో రాయగలను.

పది నిమిషాల మాట, ఒక్క వాక్యం

2005లో అవతల బస్తరులో సల్వాజుడుం మొదలైంది. ఊళ్లు తగలబడ్డాయి, జనం చెట్టుకొకరు పుట్టకొకరు అయ్యారు. కొందరిని శిబిరాల్లో పెట్టారు. ఎందరో అడవి దాటి ఇటు ఖమ్మం, వరంగల్ అడవుల్లోకి వచ్చారు. వాళ్లను మనం గుత్తికోయలన్నాం. వాళ్లు తమను తాము మురియా అనో, కోయతూర్ అనో చెప్పుకుంటారు. పేరు పెట్టింది మనం, రాసింది మనం. చివరికి ఆ పేరుతోనే కేసులు కూడా పెట్టాం.

అప్పుడే ఢిల్లీ నుంచీ, పై దేశాల నుంచీ విలేకరులు రావడం మొదలైంది. వాళ్లకు దారి చూపే మనిషి, మాట మార్చి చెప్పే మనిషి కావాలి. నేను ఆ పని చేశాను. రోజుకింత అని ఇచ్చేవాళ్లు. అచ్చయిన వ్యాసంలో నా పేరు ఉండేది కాదు. దాని గురించి నాకు పెద్ద బాధ లేదు. బాధపెట్టిన సంగతి వేరే ఉంది.

ఒక గుంపులో ఒక నడివయసు స్త్రీని ఒక విలేకరి అడిగాడు: "మీకు పోలీసులంటే భయమా, మావోయిస్టులంటే భయమా?" ఆయన ఇంగ్లీషులో అడిగాడు. నేను తెలుగులో చెప్పాను. గుంపులోని ఒక కోయ యువకుడు ఆమె భాషలో అడిగాడు. ఆమె చాలాసేపు చెప్పింది. చేతులు తిప్పింది, వాగువైపు చూపించింది, ఒళ్లో పిల్ల నుదుటిమీద చెయ్యి పెట్టి చూపించింది. ఆ అబ్బాయి తెలుగులో "ఇద్దరన్నా భయమేనంట" అన్నాడు. నేను దాన్నే ఇంగ్లీషు చేశాను. ఆయన రాసుకున్నాడు.

ఆమె చెప్పింది భయం గురించి కాదని తర్వాత తెలిసింది. వాగులో చెలమ ఎండిపోయిందనీ, నీళ్లకు పోతే కేసు పెడతామని బెదిరిస్తున్నారనీ, పిల్లకు నాలుగు రోజులుగా జ్వరమనీ, ఆసుపత్రిలో ఆధార్ కార్డు అడుగుతున్నారనీ చెప్పింది. మధ్యలో ముగ్గురం ఉన్నాం. ఇద్దరు మగవాళ్లు, ఒక ఆడమనిషి. ఆడమనిషినైనా నేను కూడా ఆమె మాట మింగేశాను. "ఇంతసేపు చెప్పింది కదా, ఇంకేమంది?" అని ఒక్కసారి అడిగి ఉండొచ్చు. అడగలేదు. ఆ తర్వాత కోయభాష నేర్చుకోవడం మొదలుపెట్టాను. ఇప్పటికీ సగమే వచ్చు.

మనవాళ్లలో ఇలాంటి పని చేసిన మొదటి మనిషిని తలుచుకోవాలి. ఖమ్మం పొలిమేరకు దగ్గరే, నందిగామ ప్రాంతంలో పుట్టిన బండారు అచ్చమాంబ పెళ్లయ్యాక అవతలి మధ్యపరగణాలకు వెళ్లింది. బడికి పంపకపోయినా కొత్త భాషలు నేర్చుకుంది. దేశంలో వేరు వేరు చోట్ల స్త్రీల చరిత్రలు వెతికి, 1901లో 'అబలా సచ్చరిత్ర రత్నమాల' ప్రచురించింది. 1905లో చిన్న వయసులోనే చనిపోయింది. భాష నేర్చుకున్నాకే ఇంకొకరి గురించి రాయాలన్న పద్ధతి మనకు ఆవిడ దగ్గరే ఉంది. దాన్ని మనం మరిచిపోయాం.

నీళ్ల తోవ

ఇక నేను చేసిన తప్పు సంగతి. అడవి లోపల ఇరవై ఇళ్ల లోపు గుంపు ఒకటి ఉండేది. పేరు చెప్పను. నేను చాలాసార్లు వెళ్లాను, వాళ్ల దగ్గర తిన్నాను, పడుకున్నాను. అక్కడి ఆడవాళ్లు ఎంత దూరం నడిచి నీళ్లు తెచ్చుకుంటున్నారో ఒక పై ఊరి పత్రికకు ఇంగ్లీషులో రాశాను. మంచి ఉద్దేశంతోనే రాశాను. ఊరి పేరు, వాగు పేరు, ఏ రోడ్డు నుంచి ఎటు తిరగాలో, ఎన్ని గుడిసెలున్నాయో అన్నీ రాశాను. వివరంగా రాస్తేనే నమ్ముతారని నాకు నేర్పారు.

కొన్ని వారాలకు ట్రాక్టర్లు వచ్చాయి. గుడిసెలు పీకేశారు. వండుకున్న కుండలు కూడా పగిలాయి. నా వ్యాసం చదివే వచ్చారో, ముందే అనుకుని వచ్చారో నేను రుజువు చేయలేను. నేను వెళ్లేసరికి వాళ్లు ఇంకో చోట చెట్ల కింద ఉన్నారు. ఎప్పుడూ నాకు నీళ్లిచ్చే అమ్మాయి ఆ రోజు ఇవ్వలేదు. వచ్చీరాని తెలుగులో ఇలా అంది:

"అక్కా, నీకు నీళ్లిచ్చినం. నువ్వు మా నీళ్ల తోవ రాసినవ్."

మిత్రులారా, ఆ మాటకు నా దగ్గర జవాబు లేదు. నా వ్యాసానికి పారితోషికం వచ్చింది, ఇద్దరు ముగ్గురు మెచ్చుకున్నారు. ఆమెకు పోయింది ఇల్లు. "రాస్తాను" అని ఆమెకు చెప్పానే గానీ, ఏం రాస్తానో చెప్పలేదు. ఎవరు చదువుతారో, చదివితే ఏం జరగొచ్చో చెప్పలేదు. ఆమె తల ఊపింది, నేను దాన్ని సమ్మతి అనుకున్నాను.

సమ్మతి అనేది మనకు కొత్త మాట కాదు. 1996 నాటి పీసా చట్టం గ్రామసభను అడగమంటుంది. 2007లో ఐక్యరాజ్యసమితి ఆదివాసీల హక్కుల ప్రకటన చేసినప్పుడు మన దేశం దానికి అనుకూలంగా ఓటు వేసింది. ఆదివాసీల భూముల విషయంలో ముందుగా, స్వేచ్ఛగా, అన్నీ తెలిసి ఇచ్చే అంగీకారం కావాలని అందులో ఉంది. ఆనకట్ట కట్టేవాళ్లను ఆ అంగీకారం అడిగారా అని మనం నిలదీస్తాం. నిలదీయాలి కూడా. మరి ఆమె మాట తీసుకెళ్లే నేను అడిగానా? పాపికొండల కొండరెడ్ల మీద ఆస్ట్రియా నుంచి వచ్చిన హైమెన్‌డార్ఫ్ 1945లో పెద్ద పుస్తకం వేశారు. దాన్ని చదివిన కొండరెడ్డి స్త్రీ నాకింతవరకూ తారసపడలేదు. వాళ్ల గురించి రాసింది వాళ్లకు చేరకపోవడం అప్పటినుంచీ ఉంది, నేనూ దాన్నే కొనసాగించాను.

చచ్చాక వచ్చిన వార్త

ప్రతి ఏడూ చలికాలం పోయేసరికి ఛత్తీస్‌గఢ్ నుంచి ఆడవాళ్లూ పిల్లలూ మిరప కోతలకు మన వైపు వస్తారు. ఎర్రటి ఎండలో, ఘాటుకు ముక్కులు మండుతుంటే కోస్తారు. ఎక్కడ పడుకుంటారో, ఎంత కూలి ఇస్తారో, ఎన్ని ఏళ్ల పిల్లలు ఉన్నారో రాస్తానంటే "ఇందులో కొత్తేముంది?" అని నాకు ఎన్నిసార్లు తిరుగుటపా వచ్చిందో లెక్కలేదు. 2020 ఏప్రిల్‌లో లాక్‌డౌన్ పడ్డప్పుడు ములుగు జిల్లా పేరూరు నుంచి బీజాపూర్ జిల్లాలోని తన ఊరికి నడిచి బయల్దేరిన జమ్లో అనే పన్నెండేళ్ల పిల్ల, మూడు రోజులు నడిచి, ఇల్లు చేరకముందే దారిలో చనిపోయింది. అప్పుడు ప్రపంచమంతా రాసింది. నాకూ ఫోన్లు వచ్చాయి. ఆ పిల్ల మిరప చేలో ఉన్నప్పుడు ఎవరికీ అక్కర్లేదు. ఆ పిల్లను వార్త చేసింది చావే.

దీనికి అటు కొస ఇంకోటి ఉంది. 2022 నవంబరులో చండ్రుగొండ మండలంలో అటవీ రేంజి అధికారి శ్రీనివాసరావు గారిని చంపేశారు. ఉద్యోగం చేసుకుంటున్న మనిషిని చంపడాన్ని ఎవరూ సమర్థించరు. నేరం చేసినవాళ్లకు కోర్టు శిక్ష వేసింది. కానీ ఆ వారమంతా పేపర్లలో, టీవీల్లో నిందితుల పేర్ల బదులు "గుత్తికోయలు" అనే మాటే నడిచింది. వాళ్లను రాష్ట్రం నుంచే పంపించేయాలని అక్కడి పంచాయతీలో తీర్మానం కూడా చేశారు. ఆ తెగ పేరు శీర్షికలో పడ్డ రోజున, దానితో ఏ సంబంధమూ లేని గుంపుల్లో ఆడవాళ్లు సంతకు రావడం మానేశారు. నేరానికి తెగ పేరు పెట్టే అలవాటు మనది. ఊళ్లో ఇంకెవరు తప్పు చేసినా వాళ్ల కులం శీర్షికలో వేస్తామా?

వాకపల్లి సంగతి మీకందరికీ తెలుసు. 2007 ఆగస్టులో విశాఖ ఏజెన్సీలో పదకొండు మంది ఆదివాసీ స్త్రీలు పోలీసుల మీద అత్యాచారం ఫిర్యాదు ఇచ్చారు. 2023 ఏప్రిల్‌లో కోర్టు నిందితులను విడిచిపెట్టింది, దర్యాప్తు సరిగా జరగలేదని అంటూనే బాధితులకు పరిహారం ఇవ్వమంది. పదహారేళ్లు పట్టింది. మొదటి రోజుల్లో ఎవరేం చెప్పారో, ఎవరేం రాసుకున్నారో ఎంత ముఖ్యమో మనకు అక్కడ తెలిసింది. అలాంటి రోజున అక్కడికి మొదట చేరేది పోలీసు కాదు, చాలాసార్లు మీరూ నేనూ. మన నోటుపుస్తకం ఒక సాక్ష్యం. దాన్ని ఎలా రాయాలో, ఎలా దాచాలో మనకు తెలిసి ఉండాలి.

వెనక ఎవరూ లేని విలేకరి

ఇక ఈ పని చేసేవాళ్ల రక్షణ. ఎందుకు చెప్తున్నానంటే, మీలో కొందరు అమ్మాయిలు "మేమూ రాస్తాం" అని నా దగ్గరకొచ్చారు. కళ్లు తెరిచే రావాలి.

జగదల్‌పూర్ నుంచి రాసిన మాలినీ సుబ్రహ్మణ్యం ఇంటిమీద 2016 ఫిబ్రవరిలో రాళ్లు పడ్డాయి. ఇల్లు ఖాళీ చేయాల్సి వచ్చింది, ఆ నెలలోనే ఊరు విడిచింది. ఆమె ఇంట్లో పనిచేసే స్త్రీని కూడా పిలిచి ప్రశ్నించారని వార్తలొచ్చాయి. ఆ ఏడాదే ఆమెకు అంతర్జాతీయ పత్రికా స్వేచ్ఛ అవార్డు వచ్చింది. దేశం బయట సన్మానం, ఉన్న ఊళ్లో అద్దె ఇల్లు కరువు. 2015లో బస్తరులో అరెస్టయిన సంతోష్ యాదవ్ కూడా ఫ్రీలాన్సరే. నిర్దోషి అని తేలేసరికి 2020 వచ్చింది. బీజాపూర్‌లో ముఖేష్ చంద్రాకర్‌ను 2025 జనవరి 1న చంపి సెప్టిక్ ట్యాంకులో వేశారు. అతను రాసింది పై దేశాల సంగతి కాదు, తన ఊరి దగ్గర వేసిన రోడ్డు గురించి. అతనికీ జీతమిచ్చే పత్రిక లేదు.

ఆడవాళ్లకు ఇంకొక బరువు ఉంది. అడవి దారిలో కంటే వార్త పంపించాల్సిన ఆఫీసులోనే నాకు ఎక్కువ భయమేసిన రోజులున్నాయి. ఎవరని అడక్కండి. ఒకటి మాత్రం గుర్తు పెట్టుకోండి. 2013 చట్టం ప్రకారం, పదిమంది కంటే తక్కువ పనిచేసే చోట్ల, లేదా యజమాని మీదే ఫిర్యాదు ఉన్నప్పుడు జిల్లాలో స్థానిక కమిటీకి వెళ్లొచ్చు. మీ జిల్లాలో ఆ కమిటీ ఉందో లేదో, ఉంటే ఎప్పుడు కూర్చుంటుందో ఈ సమావేశం అయ్యాక కలెక్టరాఫీసులో అడగండి.

నా మీద నేను పెట్టుకున్న కట్టుబాట్లు

నీళ్ల తోవ మాట విన్నాక కొన్ని నియమాలు పెట్టుకున్నాను. సంస్థల్లో పనిచేసే మీకూ అవసరపడొచ్చని చెప్తున్నాను. మీరు కూడా నివేదికలు రాస్తారు, ఫొటోలు తీస్తారు, పై దేశాల నుంచి నిధులిచ్చేవాళ్లకు "కేస్ స్టడీ" పంపిస్తారు. అదీ ఒక రకం విలేకరితనమే.

మొదటిది, మాట మార్చి చెప్పే మనిషి ఆడమనిషై ఉండాలి, వీలైతే ఆ గుంపు మనిషే కావాలి. ఆమెకు కూలి ఇవ్వాలి. ఆమె ఒప్పుకుంటే పేరు వేయాలి.

రెండోది, రాసింది తిరిగి తీసుకెళ్లి వాళ్ల భాషలో చదివి వినిపించాలి. "ఇది తీసెయ్" అంటే తీసెయ్యాలి. మంచి వాక్యం పోతుందని నాకూ బాధ ఉంటుంది. పోనివ్వాలి.

మూడోది, గుంపు పేరు, వాగు పేరు, దారి రాయను. 2005 డిసెంబరు 13 తర్వాత అడవిలో సాగు మొదలుపెట్టినవాళ్లకు అటవీ హక్కుల చట్టం కింద పట్టా రాదు. సల్వాజుడుం వల్ల పారిపోయి వచ్చినవాళ్లలో చాలామంది ఆ తేదీకి అటూ ఇటూ ఉన్నారు. అవతల షెడ్యూల్డు తెగ, ఇవతల కులపత్రం దొరకడమే గగనం. అలాంటివాళ్ల చిరునామా అచ్చు వేయడమంటే ఏమిటో నాకు తెలిసొచ్చింది. లైంగిక హింస కేసుల్లో అయితే బాధితురాలి గుర్తింపు బయటపెట్టడమే నేరం. పాత శిక్షాస్మృతిలో 228-ఎ, 2024 జులై నుంచి అమలైన న్యాయసంహితలో 72వ సెక్షను. ఊరిపేరు, మొగుడిపేరు రాసినా గుర్తింపు బయటపెట్టినట్టే.

నాలుగోది, ఆమెను ఆమె పేరుతో రాయగలిగిన చోట తప్పకుండా రాయాలి. అటవీ హక్కుల చట్టం పట్టాను భార్యాభర్తలిద్దరి పేరా ఇమ్మంటుంది. మన వార్తల్లో మాత్రం పోడు రైతు ఎప్పుడూ మగవాడే. తునికాకు కోసేది, ఇప్పపువ్వు ఏరేది, పోడులో కలుపు తీసేది ఆమె. పట్టా పంపిణీ వార్తలో ఆమె పేరు లేకపోతే, పట్టాలో ఉందో లేదో మీరు వెళ్లి చూడండి.

చివరిగా ఒక మాట. ఆ గుంపువాళ్ల దగ్గరికి నేను మళ్లీ వెళ్లాను. రెండేళ్లపాటు ఏమీ రాయలేదు. ఆసుపత్రికి తోడు వెళ్లడం, ఆధార్ కాగితాలు నింపడం, ఇవే చేశాను. మూడో ఏడు ఒక రోజు ఆ అమ్మాయి చెంబుతో నీళ్లు తెచ్చి నా ముందు పెట్టింది. తాగుతుంటే అడిగింది: "ఇప్పుడు ఏం రాస్తున్నవ్ అక్కా? చెప్పు, ఇంటా."

చెప్పాను. ఆమె రెండు సంగతులు తీసెయ్యమంది, ఒకటి కలపమంది. కలపమన్నది బడి గురించి. ఆ వ్యాసం అచ్చయింది. పెద్దగా ఎవరూ మెచ్చుకోలేదు. ఆ గుంపు మాత్రం ఇంకా అక్కడే ఉంది.

"ఏ పేపరమ్మా మీది?" అని ఎవరైనా అడిగితే ఇప్పుడు నాకు తడబాటు లేదు. ఎవరి మాట రాస్తున్నానో వాళ్ల పేరు చెప్తాను. ఆ పేరు బయటికి చెప్పకూడని రోజున నోరు మూసుకుంటాను. సెలవు.